ముందు వరుసలో ఖాళీ కుర్చీ

మా పక్కింటి పెద్దాయన పోయారన్న కబురు నాకు మా ఇంటి డోర్‌బెల్ కెమెరా చెప్పింది. ఆఫీసులో మీటింగ్ నడుస్తుండగా ఫోన్ వణికింది. చూస్తే, మా గుమ్మంలో ఆయన నాటక బృందంలో అకార్డియన్ వాయించే ఆవిడ నిలబడి ఉంది. బెల్ కొట్టలేదు. కెమెరాకేసి సూటిగా చూస్తూ, "పొద్దున్నే వెళ్ళిపోయాడు. నిద్రలోనే. ఇందులోంచి నువ్వు చూస్తావని తెలుసు కాబట్టి దీనికే చెబుతున్నాను," అని ఇంగ్లీషులో అని, టోపీ సర్దుకుని మెట్లు దిగి వెళ్ళిపోయింది.

మీటింగ్‌లోంచి లేచి బయటికొచ్చి ఆ వీడియో మళ్ళీ చూశాను. ఏదైనా రెండోసారి చూస్తే గాని నమ్మే అలవాటు నాకు లేదు. సాఫ్ట్‌వేర్ టెస్టింగ్ నా ఉద్యోగం. ఎదుటివాడు అంతా బాగానే ఉందంటే, ఎక్కడో ఏదో తేడా ఉందనుకోవడానికే నాకు జీతమిస్తారు. రెండోసారి చూసినప్పుడు ఏడుపొచ్చింది.

ఆయన పేరు ఇక్కడ రాయడం లేదు. రాస్తే ఒప్పుకునేవారు కారు. "పేరెందుకు? ఎవరు చదువుతారు? చదివినవాళ్ళు ఎవరికి చెబుతారు?" అని వరసగా అడిగేవారు. పోలండ్ నుంచి వచ్చిన మనిషి, ఎనభైకి దగ్గర పడ్డారు. అమెరికాలో, ఐసెలిన్ అనే ఊళ్ళో, ఓక్ ట్రీ రోడ్డు మీది చీరల షాపుల వెనక వీధిలో మా ఇల్లు, పక్కనే ఆయన ఇల్లు, మధ్యలో ఒక్క డ్రైవ్‌వే. నాకంటే అనుమానం ఎక్కువున్న మనిషిని నేను చూసింది ఆయన్నొక్కరినే. అందుకే కాబోలు, మా ఇద్దరికీ కుదిరింది.

పరిచయమే అనుమానంతో మొదలైంది. మా గుమ్మంలోంచి పార్సిళ్ళు పోతున్నాయని మా ఆయన ఆ డోర్‌బెల్ కెమెరా పెట్టించారు. మర్నాడే పెద్దాయన వచ్చారు. ఇస్త్రీ చొక్కా, మెడదాకా బొత్తాలు. మా మాటలన్నీ ఇంగ్లీషులోనే నడిచేవి. నా చెవికి అవి ఎలా వినిపించేవో అలా తెలుగులో రాస్తున్నాను.

"ఇది ఏం చూస్తుంది?" అని అడిగారు.

ఫోన్‌లో చూపించాను. మా మెట్లు, మా కారు, వాళ్ళ గరాజ్ తలుపులో సగం.

"నువ్వు కాక ఇంకెవరు చూస్తారు?"

"ఎవరూ చూడరని కంపెనీవాళ్ళు అంటారండీ. నిజం చెప్పాలంటే నాకు తెలియదు."

ఆయన నా మొహంకేసి కాసేపు చూశారు. "తెలియదన్నావు, మంచిది. ఎవరూ చూడరు అనుంటే మళ్ళీ నీతో మాట్లాడేవాణ్ణి కాదు," అన్నారు. ఆ బుధవారం సాయంత్రం నేను ఆఫీసు నుంచి వచ్చేసరికి మా కెమెరాకి ఊలు మేజోడు తొడిగి ఉంది. దానికి పిన్నుతో గుచ్చిన చీటీ: 'బుధవారం మాత్రమే.' గురువారం పొద్దున్నకి మేజోడు మాయం.

ఇక నాకు కాలు నిలుస్తుందా? బుధవారాల్లో ఏం జరుగుతోందా అని కిటికీ తెర పక్కనుంచి చూడటం మొదలుపెట్టాను. నలుగురు పెద్దవయసు వాళ్ళు కార్లు దిగేవారు. ఒకరి చేతిలో పోలీసు టోపీ, ఇంకొకరి చంకలో చెక్క తుపాకీ, ఒకావిడ వీపున పెద్ద పెట్టె. గరాజ్ తలుపు మూసుకునేది. లోపల్నుంచి కేకలు, ఆ వెంటనే నిశ్శబ్దం. మా వీధి తెలుగువాళ్ళ వాట్సాప్ గ్రూపులో అప్పటికే చర్చ జోరుగా ఉంది. 'ఏదో ఫిషీగా ఉంది, పోలీస్‌కి కాల్ చేద్దామా' అని ఒకరు, 'ప్రాపర్టీ వాల్యూస్ పడిపోతాయి' అని ఇంకొకరు. మా ఆయన మాత్రం, "మన గ్రీన్ కార్డే ఎటూ తేలలేదు, వాళ్ళ గొడవ మనకెందుకే," అన్నారు.

చివరికి నేనే పులిహోర డబ్బా పట్టుకుని వెళ్ళి అడిగేశాను.

"క్యాబరే," అన్నారాయన గర్వంగా. "కుర్రతనం నుంచీ మాకిదే పని."

క్యాబరే అంటే మనకి తెలిసింది ఒక్కటే. పాత సినిమాలో విలన్ డెన్, మెరుపుల లైట్లు, ఈకల డ్రెస్సులో డాన్సు. ఈ వయసులో, ఆ మోకాళ్ళతో, గరాజ్‌లో! డబ్బా ఆయన చేతిలో పెట్టేసి ఇంటికొచ్చేశాను. మా ఆయనకి చెబితే, అప్పటిదాకా మనకెందుకన్న మనిషి లేచి కిటికీ దగ్గరికి వెళ్ళారు.

మర్నాడు ఖాళీ డబ్బా తిరిగిస్తూ, తన పిల్లి వాసన చూసి పారిపోలేదు కాబట్టి తానూ తిన్నానని చెప్పి, అసలు సంగతి ఆయనే విప్పారు. వాళ్ళ దేశంలో క్యాబరే అంటే నవ్వించే చిన్న చిన్న నాటికలు, మధ్యలో పాటలు, ఎక్కువగా ప్రభుత్వాన్ని ఎత్తిపొడవడం. కాలేజీ రోజుల్లో ఐదుగురు కలిసి పెట్టుకున్న బృందం అది. ఆయన రాసేవారు, ఆడించేవారు. ఆవిడ అకార్డియన్. మిగతా ముగ్గురు మగవాళ్ళు ఏ వేషం ఇస్తే ఆ వేషం. అమెరికాలో ఉన్న తమవాళ్ళ కోసం ప్రదర్శనలివ్వడానికి వచ్చినప్పుడు పోలండ్‌లో సైనిక పాలన పెట్టారు. ఐదుగురూ ఇక్కడే ఉండిపోయారు. పగలు ఫ్యాక్టరీల్లో, పెయింటింగ్ పనుల్లో, బుధవారం సాయంత్రం రిహార్సల్. నెలకోసారి పక్క ఊళ్ళో పోలిష్ వాళ్ళ క్లబ్బు హాల్లో ఆట.

ఆ తర్వాత మా మధ్య డబ్బాలు నడిచాయి. ఆవిరి మీద కజ్జికాయల్ని ఉడకబెట్టినట్టుండే వంటకం ఒకటి ఆయన పంపితే, లోపల ఏముందో రెండుసార్లు అడిగి, ఒకటి కోసి చూసి గాని నేను నోట్లో పెట్టేదాన్ని కాదు. నేను గోంగూర పంపితే ఆయన స్పూనుతో వెలుతురుకి పట్టి చూసేవారు. ఒకరినొకరం ఏమీ అనుకునేవాళ్ళం కాదు. "సూప్ వేడిగా ఉందని చెప్పేవాణ్ణి నమ్మకు. ఊదుకుంటున్నవాణ్ణి నమ్ము," అనేవారు. నటన గురించి అన్న మాట అది. నేను ఇప్పటికీ ఆఫీసు మీటింగుల్లో ఎవరు ఊదుకుంటున్నారా అని చూస్తుంటాను.

మా అమ్మతో నేను స్పీకర్‌లో మాట్లాడుతుంటే విని, ఆవిడ పదేపదే అంటున్న 'ఏమో' అంటే ఏమిటని అడిగారొకసారి. తెలియదు, కావచ్చు, కాకపోవచ్చు, నన్ను అడక్కు, అన్నీ అదేనని చెప్పాను. "ఒక్క మాటలోనా?" అని ముచ్చటపడి, దాన్ని నేర్చుకున్నారు.

ఆయన పిలిస్తే ఒక ఆదివారం ఆట చూడటానికి మా ఆయన, మా అమ్మాయి, నేను ముగ్గురం వెళ్ళాం. ముందు వరుసలో మధ్య కుర్చీ ఖాళీగా ఉంది, దాని మీద బూడిదరంగు టోపీ. ఎవరో మర్చిపోయారేమోనని టోపీ తీసి పక్కన పెట్టి నేను కూర్చోబోయాను. హాలంతా ఒక్కసారి ఊపిరి బిగబట్టింది. ఎవరో పెద్దావిడ నా చేయి పట్టి లేవదీసింది. పరువు పోయిందనుకోండి.

ఆట మొదలయ్యాక అర్థమైంది ఆ కుర్చీ ఏమిటో. మాటలన్నీ పోలిష్‌లోనే, నన్ను లేవదీసిన ఆవిడే పక్కన కూర్చుని మాకు ఇంగ్లీషులో చెబుతూ వచ్చింది. నలుగురు క్యూలో నిలబడి ఉంటారు. "ఇక్కడేమిస్తున్నారు?" అని ఒకడు. "తెలియదు. కానీ ముందున్నవాడు కదలడం లేదంటే ఏదో మంచిదే ఇస్తున్నట్టు," అని అకార్డియన్ ఆవిడ. అనేసి, అందరూ తల తిప్పి ఆ ఖాళీ కుర్చీకేసి చూస్తారు, తప్పు చేసిన పిల్లల్లాగా. హాలు పగలబడి నవ్వింది. గ్రీన్ కార్డు క్యూలో ఉన్న మాకు ఆ జోక్ ఎవరూ విడమరిచి చెప్పక్కర్లేకపోయింది. మా ఆయన కళ్ళు తుడుచుకుని మరీ నవ్వారు.

"అది సెన్సారువాడి కుర్చీ," అని తర్వాత చెప్పారు పెద్దాయన. "మా దగ్గర ముందే స్క్రిప్టు చదివి సంతకం పెట్టేవాడు. పెట్టాక కూడా నమ్మకం లేక, కాగితంలో లేని మాట ఏమన్నా అంటామేమోనని వచ్చి కూర్చునేవాడు. మేం ఒక్క మాట కూడా ఎక్కువ అనేవాళ్ళం కాదు. ఉన్న మాటే అని వాడికేసి చూసేవాళ్ళం. చూపు కాగితంలో ఉండదు కదా." సముద్రం దాటి వచ్చినా ఆ చూపు లేకుండా జోక్ వేయడం వాళ్ళకి చేతకాలేదు. అందుకే ఎక్కడ ఆడినా కుర్చీ వేస్తారు. ఈ దేశంలో దాన్లో ఎవరూ కూర్చోలేదు.

కిందటేడు ఆ క్లబ్బు హాలు అమ్మేశారు. అపార్ట్‌మెంట్లు కడతారట. ఆట ఆగిపోవలసిందే. అప్పుడు అకార్డియన్ ఆవిడ అంది, వీడియోలు తీసి ఆన్‌లైన్‌లో పెడదాం, మన మనవలు హాలుకి ఎలాగూ రారు, ఫోన్‌లో అయినా చూస్తారని. వారాంతాల్లో హాఫ్ శారీ ఫంక్షన్లకీ అరంగేట్రాలకీ నేను వీడియో తీస్తానని ఆవిడకి తెలుసు. పెద్దాయనకి సుతరామూ ఇష్టం లేదు. "హాల్లో అయితే ఎవడు నవ్వాడో, ఎవడు నవ్వలేదో నాకు కనిపిస్తుంది. ఫోన్‌లో చూసేవాణ్ణి నేనెలా చూడను?" అని వాదించారు. ఆఖరికి, "ఈమెకి మన భాష రాదు. మన మాటలు ఎవరికైనా మోయాలన్నా మోయలేదు," అన్న ధైర్యంతో ఒప్పుకున్నారు. నా మొహం మీదే అన్నారా మాట.

మొదటి వీడియో దారుణంగా వచ్చింది. గరాజ్‌లో లైట్లు పెట్టి, ఎదురుగా కుర్చీ వేసి, నేను పక్కనుంచి తీశాను. ఆవిడ చెప్పగా ఇంగ్లీషు సబ్‌టైటిల్స్ వేశాను. టీవీలో చూస్తే ఎవరికీ నవ్వు రాలేదు. ఇక్కడే పుట్టిన మా అమ్మాయి అడిగింది, "అమ్మా, వాళ్ళు జోక్ చెప్పి ఎక్కడికి చూస్తున్నారు? దేర్ ఈజ్ నథింగ్."

ఆ పిల్ల అన్నది నిజమే. కుర్చీ హాల్లో అందరికీ కనిపిస్తుంది. తెర మీద కనిపించదు. మర్నాడు వెళ్ళి, "కెమెరాని ఆ కుర్చీలోనే పెడతానండీ," అన్నాను. జోక్ అయ్యాక వాళ్ళు సూటిగా చూసేవాణ్ణే చూస్తారు. ఇంట్లో సోఫాలో కూర్చున్నవాడే సెన్సారువాడైపోతాడు.

పెద్దాయన కుర్చీ చుట్టూ ఒకసారి తిరిగి చూశారు. తర్వాత గరాజ్ తలుపు దించి, నన్ను కూర్చోమని, అప్పటిదాకా ఎవరికీ చెప్పని సంగతి చెప్పారు. పోలండ్‌లో వాళ్ళు ఆడవలసిన ఆఖరి ఆటలో, కాగితంలో లేని నాటిక ఒకటి కలపాలని రహస్యంగా అనుకున్నారు. ఐదుగురికి తప్ప ఎవరికీ తెలియదు. తెర ఎత్తకముందే పోలీసులు వచ్చి ఆట ఆపేశారు. ఏ నాటిక అన్నది కూడా వాళ్ళకి ముందే తెలుసు. ఎవరో ఒకరు చెప్పారు. ఆ నలుగురిలో ఎవరన్నది ఇన్నేళ్ళూ ఆయనకి తెలియలేదు.

"అడగలేదా?" అన్నాను.

"అడిగితే అందరూ కాదనే అంటారు. అందుకే చూస్తూ వచ్చాను. ఆ కుర్చీలో ఉన్నవాడికి ఒకసారి చెవిలో ఊదినవాడు, మళ్ళీ దానికేసి మామూలుగా చూడలేడు. నా కళ్ళు ఇప్పుడు సరిగ్గా ఆనడం లేదు. నువ్వు బొమ్మని ఆపి చూడగలవు. కెమెరా అక్కడే పెట్టు. కుర్చీకేసి చూడనిది ఎవరో నాకు చెప్పు. పోయేలోగా ఆ పేరు తెలియాలి నాకు."

వాళ్ళతోనే దేశం దాటారు, వాళ్ళతోనే గోడలకి రంగులు వేశారు, వాళ్ళ పిల్లల పెళ్ళిళ్ళు చేయించారు. ఇన్నేళ్ళూ పక్కన నిలబడి వాళ్ళ కళ్ళే చూస్తూ వచ్చారన్నమాట. అనుమానం పెనుభూతమని మా అమ్మమ్మ అంటుంటే విసుక్కునేదాన్ని. ఆ రోజు ఆ భూతాన్ని దగ్గర్నుంచి చూశాను.

కెమెరా కుర్చీలో పెట్టి ఆ బుధవారం అన్ని నాటికలూ తీశాను. ఆదివారం వంటింటి బల్ల మీద లాప్‌టాప్ పెట్టుకుని, ప్రతి జోక్ తర్వాతా బొమ్మ ఆపి చూశాను. ముగ్గురు మగవాళ్ళూ ప్రతిసారీ సూటిగా నాకేసే చూస్తున్నారు. అకార్డియన్ ఆవిడ చూడటం లేదు. ఒక్కసారి కూడా. ఆవిడ చూపు కెమెరా పక్కనుంచి కుడివైపుకి పోతోంది. బొమ్మని వెనక్కి తిప్పి మళ్ళీ చూశాను. ఆన్‌లైన్‌లో పెడదామన్నది ఆవిడే. నన్ను పిలిచింది ఆవిడే.

"చెప్పకు," అన్నారు మా ఆయన. "వీడియో తీయడానికి పిలిచారు నిన్ను. డిటెక్టివ్ పనికి కాదు. ఈ వయసులో వాళ్ళకి వాళ్ళు తప్ప ఎవరున్నారు చెప్పు?"

ఆయన అన్నదీ సబబే. కానీ అడిగిన మనిషి రోజూ డ్రైవ్‌వే అవతల నుంచి నాకేసి చూస్తున్నాడు. బగ్ దొరికాక రిపోర్టు చేయకుండా కూర్చోవడం నా వల్ల కాదు. తీసుకెళ్ళి చూపించాను. పెద్దాయన కళ్ళజోడు తీసి, తుడిచి, పెట్టుకుని, మళ్ళీ వేయమన్నారు. చూశాక థాంక్స్ కూడా చెప్పలేదు. "బుధవారం నువ్వూ రా," అన్నారంతే.

బుధవారం అందరూ వచ్చాక లాప్‌టాప్ తెరిపించి, ఆవిడకేసి తిప్పి, పోలిష్‌లో ఏదో ఒక్క ముక్క అడిగారు. మగవాళ్ళు ముగ్గురూ కదలకుండా నిలబడిపోయారు. నేను ఎందుకొచ్చానురా భగవంతుడా అనుకున్నాను. ఆవిడ తెరకేసి చూసింది, నాకేసి చూసింది, తర్వాత ఇంగ్లీషులో మొదలుపెట్టింది. "ఈ అమ్మాయికీ అర్థం కావాలి. కనిపెట్టింది తనే కదా."

"నేను కుర్చీకేసి చూడను, నిజమే," అంది. "నేను చూసేది నీకేసి. నువ్వు ఎప్పుడూ కుర్చీకి కుడిపక్కనే నిలబడతావు. ఆ ఆట ఆగిపోయిన రోజు నుంచీ మమ్మల్ని ఎలా చూస్తున్నావో నీకు తెలుసా? సెన్సారువాడు ఆట అయ్యాక ఇంటికి పోయేవాడు. నువ్వు పోలేదు. నాకు ఆ ఖాళీ కుర్చీ అంటే భయం లేదు. నువ్వంటేనే భయం."

పెద్దాయన లాప్‌టాప్ మూసేశారు. ఆవిడే మళ్ళీ అంది. "మనం ఆ నాటిక ఎక్కడ రిహార్సల్ చేశాం? మా మేడమీది గదిలో. పక్కవాటాలో మనిషి టీలో చెంచా తిప్పితే మనకి వినిపించేది. ఇన్నేళ్ళలో మమ్మల్ని అందర్నీ అనుమానించావు. ఆ గోడని ఒక్కసారైనా అనుమానించావా?"

గోడలకి చెవులుంటాయని మనం ఊరికే అనేస్తుంటాం. అంత అనుమానపు మనిషికి అది తట్టలేదు. మనుషుల్ని చూడటంలో మునిగిపోయి గోడని మర్చిపోయారు. లేదా ఆవిడ అబద్ధమే చెప్పిందేమో. నేను ఆవిడ మొహం శ్రద్ధగా చూశాను. వేడి సూప్ ఊదుకుంటున్న మనిషిలాగే ఉంది. ప్రమాణం చేసి మాత్రం చెప్పలేను.

"ఇప్పుడేం చేయమంటావు?" అన్నారు పెద్దాయన.

"ఆ కుర్చీలో కూర్చో. అప్పుడు నేనూ కుర్చీకేసే చూస్తాను."

ఆ రోజు ఆయన కూర్చోలేదు. అందరూ వెళ్ళాక గరాజ్ మెట్టు మీద నా పక్కన కూర్చున్నారు. "అయితే గోడేనంటారా?" అని అడిగాను.

"ఏమో," అన్నారు తెలుగులో. ఆయన ఏ మాటనైనా అంత తేలిగ్గా అనగా నేను వినడం అదే మొదటిసారి.

తర్వాత బుధవారం నేను వెళ్ళేసరికి కుర్చీ మీది టోపీ ఆయన తల మీద ఉంది. మనిషి కుర్చీలో ఉన్నారు. కెమెరా స్టాండుకి చోటు లేదు. "ఇలా ఇయ్యి, నా ఒళ్ళో పెట్టుకుంటాను," అన్నారు. మీరు నవ్వకూడదు, బొమ్మ కదులుతుందని హెచ్చరించాను. "ఈ కుర్చీలో కూర్చున్నవాడు ఎప్పుడూ నవ్వడు. నాకు బాగా తెలుసు," అన్నారు.

అలా మొదలైన వీడియోలు కొన్ని ఆన్‌లైన్‌లో పెట్టాం. వాళ్ళ మనవలు చూశారు. మా వీధి వాట్సాప్ గ్రూపూ చూసింది. పోలీస్‌కి కాల్ చేద్దామన్న ఆయనే అందరికీ ఫార్వర్డ్ చేశారు. కెమెరాకి మేజోడు తొడగడం మాత్రం పెద్దాయన మానలేదు. అలవాటు అన్నారు. చివరి రోజుల్లో దాని మీద చీటీ మాత్రం ఉండేది కాదు.

ఆయన సంస్మరణకి ఫ్యునరల్ హోమ్‌లో ముందు వరుసలో కుర్చీ వేసి, టోపీ పెట్టారు. నలుగురూ ఒక్కొక్కరే లేచి ఆయన గురించి మాట్లాడారు. ఏదన్నా ఎత్తిపొడుపు మాట అన్నప్పుడల్లా కుర్చీకేసి చూశారు. అకార్డియన్ ఆవిడ కూడా చూసింది. తర్వాత, ఆయన ఒళ్ళో కెమెరా ఉన్నప్పుడు తీసిన ఆ మొదటి వీడియో గోడ మీద వేయించారు. అదే క్యూ నాటిక. ఆవిడ వంతు వస్తుంది. "తెలియదు. కానీ ముందున్నవాడు కదలడం లేదంటే ఏదో మంచిదే ఇస్తున్నట్టు," అంటుంది. అని, ఇన్నేళ్ళలో మొదటిసారి, తల తిప్పి సూటిగా చూస్తుంది.

అక్కడ బొమ్మ అదురుతుంది. ముందు కొంచెం, తర్వాత బాగా. అలాంటి అదురు సరిచేయడానికి నా కంప్యూటర్‌లో ఒక బటన్ ఉంది. ఆ రోజు ఇంటికొచ్చి దాని మీద వేలు పెట్టి, నొక్కకుండానే తీసేశాను. ఆ వీడియోలో పెద్దాయన ఎక్కడా కనిపించరు, వినిపించరు. క్యూలో నిలబడ్డ నలుగురూ, వాళ్ళ వెనక గరాజ్ తలుపూ, ఆవిడ చూపూ, అన్నీ కాసేపు పైకీ కిందికీ ఊగుతూనే ఉంటాయి.